తోకచుక్కలు కాని మరకల పట్టీ

పిల్లలకోడి చాలామందికి తెలిసిందే. కార్తీక మాసంలో పొద్దు గూకాక తూర్పు దిక్కున పైకి వస్తుంది. ఆరేడు చిన్న చుక్కలు ఒక్కచోట గుంపుగా ఉంటాయి. కోడి చుట్టూ పిల్లలు మూగినట్లు ఉంటాయి. అందుకే ఆ పేరు. పంచాంగంలో వీటినే కృత్తికలు అంటారు. కార్తీక మాసానికి ఆ పేరు కృత్తికల వల్లే వచ్చింది. ఇంటింటా గడియారాలు లేని రోజుల్లో పొలం కాపలాకు పోయినవాళ్ళు పిల్లలకోడి ఎంత ఎత్తుకు వచ్చిందో చూసేవారు. తెల్లారడానికి ఇంకా ఎంత పొద్దుందో చెప్పేవారు.

ఈ పిల్లలకోడికి ఒక నంబరు కూడా ఉంది. ఇంటికి ఇంటి నంబరు ఉన్నట్లే. ఆ నంబరు 45. జపాన్‌లో అయినా, అమెరికాలో అయినా, చుక్కలు చూసే అలవాటున్నవాళ్ళతో "ఎం-45" అంటే చాలు. పిల్లలకోడి వైపు చెయ్యి చూపిస్తారు.

ఆ నంబరు వేసినవాడు షార్ల్ మెస్యే. అతని పేరులోని మొదటి అక్షరమే ఆ 'ఎం'. రెండున్నర వందల ఏళ్ళ కింద ఫ్రాన్సు దేశంలో, పారిస్ నగరంలో ఉండేవాడు. అతనికి కావలసింది మాత్రం పిల్లలకోడి కాదు. తోకచుక్క! తోకచుక్కల కోసం రాత్రంతా ఆకాశం వెతికేవాడు. వెతుకుతుంటే తోకచుక్కల్లా కనిపించి మోసం చేసే మరకలు అడ్డం వచ్చేవి. వాటిని ఒక పట్టీగా రాసిపెట్టాడు. మళ్ళీ వాటిని చూసి మోసపోకూడదని రాసుకున్న పట్టీ అది.

అతను పట్టుకున్న తోకచుక్కల పేర్లు ఇప్పుడు ఎవరికీ గుర్తు లేవు. పక్కన పెట్టమని రాసిన పట్టీ మాత్రం నిలిచిపోయింది.

మంచి చేతిరాత

మెస్యే 1730 జూన్ 26న పుట్టాడు. ఊరి పేరు బదోన్విలే. ఇప్పటి ఫ్రాన్సుకు తూర్పు వైపున ఉన్న చిన్న ఊరు. తల్లిదండ్రులకు పన్నెండు మంది పిల్లలు. అతను పదోవాడు. పదకొండో ఏట తండ్రి చనిపోయాడు. పద్నాలుగో ఏట, 1744లో, ఆకాశంలో ఒక పెద్ద తోకచుక్క వచ్చింది. దానికి ఒకటి కాదు, ఆరు తోకలు. విసనకర్ర విప్పినట్లు కనిపించింది. ఆ పిల్లవాడు దాన్ని చూశాడు. అప్పటి నుంచి అతని మనసు ఆకాశం మీదనే ఉండిపోయింది.

1751లో పని వెతుక్కుంటూ పారిస్ పోయాడు. పెద్ద చదువు లేదు. లెక్కలు అంతగా రావు. ఉన్నదల్లా మంచి చేతిరాత. కాస్త బొమ్మలు గీయడం కూడా వచ్చు. ఆ చేతిరాతే అతనికి కూడు పెట్టింది. దెలీల్ అనే పెద్దాయన నౌకాదళానికి ఖగోళ పండితుడు. ఆయన దగ్గర గుమాస్తాగా కుదిరాడు. మొదట ఇచ్చిన పని చైనా దేశపు పటాన్ని చూసి తిరిగి గీయడం.

దెలీల్ దగ్గర దుర్భిణులు ఉండేవి. దుర్భిణి అంటే దూరపు వస్తువులను దగ్గరగా చూపించే గొట్టం. మెస్యే నెమ్మదిగా వాటితో చూడడం నేర్చుకున్నాడు. దాంతోపాటు ఇంకో అలవాటు కూడా పట్టుకున్నాడు. ఏది చూసినా వెంటనే రాయాలి. ఏ రోజు, ఎన్ని గంటలకు, ఆకాశంలో ఏ చోట, ఎలా ఉంది అన్నీ రాయాలి. "నిన్న ఎక్కడో చూశాను" అంటే కుదరదు.

చెప్పిన ఏడాదికి వచ్చిన తోకచుక్క

ఆ రోజుల్లో తోకచుక్క అంటే యూరపులో కూడా భయమే. రాజు చస్తాడనీ, కరువు వస్తుందనీ, యుద్ధాలు జరుగుతాయనీ అనుకునేవారు. ఇంగ్లండులో ఎడ్మండ్ హేలీ అనే ఆయన పాత లెక్కలు తిరగేశాడు. 1531లో ఒకటి వచ్చింది. 1607లో ఒకటి వచ్చింది. 1682లో వచ్చినదాన్ని ఆయనే స్వయంగా చూశాడు. మూడింటి దారీ ఒకటే! దాదాపు 76 ఏళ్ళకు ఒకసారి వస్తోంది. అంటే మూడు కాదు, ఒక్కటే తోకచుక్క మళ్ళీ మళ్ళీ వస్తోందన్నమాట. ఇది 1758లో మళ్ళీ వస్తుందని హేలీ చెప్పాడు. 1742లో ఆయన చనిపోయాడు.

చెప్పిన ఏడు దగ్గర పడింది. అందరికీ ఆత్రమే. తోకచుక్క లెక్క ప్రకారం వస్తే అది శకునం కాదు. రైలు బండిలా వేళకు వచ్చే వస్తువు. రాకపోతే హేలీ లెక్క తప్పు. పారిస్‌లో దెలీల్ ఒక పటం గీసి, ఇదిగో ఈ దారిన వస్తుంది, వెతుకు అని మెస్యేకు ఇచ్చాడు. మెస్యే ఏడాదిన్నర వెతికాడు. ఎంత వెతికినా కనిపించలేదు. పటమే తప్పు! అతను వెతికిన చోటు ఒకటి, తోకచుక్క వచ్చిన చోటు ఇంకొకటి.

1758 డిసెంబరు 25 రాత్రి దాన్ని మొదట చూసినవాడు ఒక రైతు. జర్మనీలో డ్రెస్డెన్ నగరం పక్కన ఒక పల్లె. అక్కడి పాలిట్జ్ అనే ఆయన పొలం చేసుకుంటూనే తనంతట తాను చుక్కల శాస్త్రం నేర్చుకున్నాడు. పండితులందరికంటే ముందు ఆ రైతు కంటికే హేలీ తోకచుక్క చిక్కింది. మెస్యేకు కనిపించింది 1759 జనవరి 21న. అప్పుడైనా చెబుదామంటే దెలీల్ వద్దన్నాడు. ఏప్రిల్ 1 దాకా దాచిపెట్టాడు. అప్పుడు చెబితే మిగతా పండితులు నమ్మలేదు. యజమాని మాట కాదనలేని గుమాస్తా బతుకు అది.

ఆ తోకచుక్క చివరిసారి 1986లో వచ్చింది. మళ్ళీ 2061లో వస్తుంది.

కదలని మరక

హేలీ తోకచుక్క కోసం వెతికే రోజుల్లోనే ఇంకో సంగతి జరిగింది. 1758 ఆగస్టు 28. మెస్యే వేరే తోకచుక్క ఒకదాన్ని వెంబడిస్తున్నాడు. వృషభ రాశిలో, ఎద్దు కొమ్ము చివర దగ్గర, తెల్లని మరక ఒకటి కనిపించింది. కొవ్వొత్తి మంటలా పొడుగ్గా ఉంది. లోపల చుక్కేమీ లేదు. ఇది కొత్త తోకచుక్కేనా?

తోకచుక్క దూరాన ఉన్నప్పుడు దానికి తోక ఉండదు. అది మంచు, దుమ్ము కలిసిన ముద్ద. సూర్యుడి దగ్గరకు వచ్చి వేడెక్కితేనే తోక వస్తుంది. అంతవరకు అద్దం మీద ఊపిరి తగిలిన మచ్చలా, చిన్న మరకలా ఉంటుంది. తోక పెరిగాక ఊరంతా చూస్తుంది. అప్పుడు చూస్తే గొప్పేముంది? తోక రాకముందే పట్టుకున్నవాడికే పేరు.

మరి ఏది తోకచుక్క, ఏది కాదు? గుర్తు పట్టడానికి ఉపాయం ఒకటే. ఈరోజు చూసి చోటు రాసుకోవాలి. రేపు, ఎల్లుండి మళ్ళీ చూడాలి. చుక్కల మధ్య చోటు మారితే అది తోకచుక్క. మారకపోతే కాదు. చీకట్లో చేను గట్టున నల్లగా ఏదో కనిపిస్తుంది. గేదో, మొద్దో తెలియదు. కాసేపు ఆగి చూస్తే తెలిసిపోతుంది. ఇదీ అంతే.

ఆ మరక కదలలేదు. మెస్యే దాని చోటు రాసిపెట్టాడు. తర్వాత పట్టీలో దానికే మొదటి నంబరు ఇచ్చాడు. అదే ఎం-1. నిజానికి ఇంగ్లండులో బెవిస్ అనే ఆయన 1731లోనే దాన్ని చూశాడు. ఆ సంగతి అప్పటికి మెస్యేకు తెలియదు.

1764లో మెస్యే పట్టుబట్టి ఈ పనే చేశాడు. మే నుంచి అక్టోబరు దాకా ఒకటి వెనక ఒకటి నమోదు చేసుకుంటూ పోయాడు. 3 నుంచి 40 వరకు నంబర్లన్నీ ఆ ఒక్క ఏడాదివే. 1771లో 45 మరకలతో మొదటి పట్టీ తయారైంది. చివరి నాలుగింటిలో పిల్లలకోడి ఒకటి. దాన్ని చూసి తోకచుక్క అనుకునేవాళ్ళు ఎవరుంటారు? చిన్నపిల్లలు కూడా అనుకోరు. మరి ఎందుకు చేర్చాడు? అతను కారణం రాయలేదు. అంతకు ముందే లకాయ్ అనే ఇంకో ఫ్రెంచి ఆయన దక్షిణ ఆకాశంలోని 42 మరకల పట్టీ వేశాడు. తన పట్టీ దానికంటే పొడుగ్గా ఉండాలని మెస్యే అనుకున్నాడేమో అని కొందరి అనుమానం. అనుకుంటే అనుకున్నాడు. మనిషే కదా!

తర్వాత పియర్ మెషాఁ అనే స్నేహితుడు కూడా తోడయ్యాడు. 1781 నాటికి పట్టీ 103కు చేరింది. వాళ్ళ కాగితాల్లో దొరికిన ఇంకొన్నింటిని తర్వాతివాళ్ళు చేర్చారు. ఇప్పుడు 110.

పట్టీలో తప్పులు లేకపోలేదు. 47వ నంబరు చూడబోతే, అతను రాసిన చోట ఏమీ లేదు. చాలాకాలం దాన్ని తప్పిపోయిన మరక అన్నారు. చివరికి తేలిందేమిటంటే, చోటు లెక్కవేసేటప్పుడు కూడవలసిన చోట తీసివేశాడు. గుర్తు ఒక్కటి మార్చి చూస్తే, అక్కడ చక్కని చుక్కల గుంపు ఉంది!

లాంతరుకు నూనె లేని రోజులు

తోకచుక్కలు కనిపెట్టడంలో మెస్యేకు పెద్ద పేరే వచ్చింది. మొత్తం పదమూడు పట్టుకున్నాడు. ఫ్రాన్సు రాజు పదిహేనో లూయీ అతన్ని తోకచుక్కల ముంగిస అన్నట్లు మురిపెంగా పిలిచేవాడట.

కష్టాలు కూడా తక్కువ కాదు. 1772లో కాన్పు తర్వాత భార్య చనిపోయింది. పసిబిడ్డ కూడా దక్కలేదు. 1781 నవంబరులో, మూడో పట్టీ పూర్తయిన ఏడే, పెద్ద దెబ్బ తగిలింది. ఒక తోటలో నడుస్తూ, తలుపు తీసి ఉంటే ఏమిటా అని లోపలికి అడుగు వేశాడు. అది మంచుగడ్డలు నిలవచేసే గొయ్యి. ఇరవై అయిదు అడుగుల లోతు. పడిపోయాడు. చెయ్యి, తొడ, పక్కటెముకలు విరిగాయి. ఏడాదిపాటు దుర్భిణి ముట్టుకోలేదు.

1789లో ఫ్రాన్సులో విప్లవం వచ్చింది. రాజు పోయాడు. మెస్యేకు జీతం, పింఛను కూడా ఆగిపోయాయి. రాత్రి పని చేసుకోవడానికి దీపంలో నూనె లేక తోటి పండితుడు లలాంద్ దగ్గర అడిగి తెచ్చుకున్నాడు. అయినా వెతకడం మానలేదు. 1793 సెప్టెంబరులో ఇంకో తోకచుక్క కనిపించింది. లెక్కలు కట్టి పెట్టే స్నేహితుడు సరోఁ అప్పటికి జైల్లో ఉన్నాడు. ఆయన పాత ప్రభుత్వంలో న్యాయాధికారి. జైల్లోనే కూర్చుని ఆ తోకచుక్క దారి లెక్క కట్టి పంపాడు. సూర్యుడి వెనక మరుగైన తోకచుక్క మళ్ళీ ఎక్కడ కనిపించాలో చెప్పాడు. డిసెంబరు చివర మెస్యే ఆ చోట చూశాడు. ఉంది! ఆ కబురు జైలుకు చేరింది. 1794 ఏప్రిల్‌లో సరోఁ తల తీశారు.

మెస్యే 86 ఏళ్ళు బతికాడు. 1817లో చనిపోయాడు. ఆ మరకలు అసలు ఏమిటో అతనికి చివరిదాకా తెలియలేదు.

మరకల్లో ఏముంది?

అతని దుర్భిణులు చిన్నవి. ఇంగ్లండులో విలియం హెర్షెల్ అనే ఆయన పెద్ద దుర్భిణులు సొంతంగా తయారు చేసుకునేవాడు. మెస్యే పట్టీ చేతికి రాగానే ఒక్కొక్కటే తన దుర్భిణితో చూశాడు. 13వ నంబరు మరకలో చుక్కేమీ లేదని మెస్యే రాశాడు. హెర్షెల్ చూస్తే అది మరక కాదు. చీమల పుట్టలా చుక్కలు! ఇప్పటి లెక్క ప్రకారం అందులో కొన్ని లక్షల సూర్యుళ్ళున్నాయి. హెర్షెల్ చెల్లెలు కెరొలిన్ పక్కన కూర్చుని అన్న చెప్పిందల్లా రాసేది. తానుగా కూడా తోకచుక్కలు కనిపెట్టింది. అన్నాచెల్లెళ్ళిద్దరూ కలిసి రెండు వేల అయిదు వందల మరకల పట్టీ వేశారు.

మెస్యే మరకలన్నీ ఒక జాతివి కావు. మబ్బుల్లో ఎన్ని రకాలున్నాయో వీటిలోనూ అన్ని రకాలు. పిల్లలకోడి ఒక చుక్కల గుంపు. ఆరేడే కనిపిస్తాయి కానీ అందులో వెయ్యికి పైగా చుక్కలున్నాయి. 42వ నంబరు ఒక పెద్ద ధూళి మబ్బు. అందులో ఇప్పటికీ కొత్త చుక్కలు పుడుతున్నాయి. అది పురిటిల్లు. 1వ నంబరు సంగతి దానికి తిరగబడి ఉంటుంది. అది పేలిపోయిన చుక్క తాలూకు బూడిద.

ఆ పేలుడును మనుషులు చూశారు. 1054 జూలైలో చైనాలో ఆకాశం చూసే అధికారులు కొత్త చుక్క వచ్చిందని రాసిపెట్టారు. 23 రోజులు పట్టపగలే కనిపించింది. రాత్రిపూట దాదాపు రెండేళ్ళు కనిపించి మాయమైంది. వాళ్ళు రాసిన చోటూ, మెస్యే రాసిన చోటూ ఒకటే. ఏడు వందల ఏళ్ళ తేడాతో రెండు దేశాలవాళ్ళు రాసిన కాగితాలు కలిస్తేనే ఈ సంగతి బయటపడింది. పేలిన చుక్క నడిమి ముద్ద ఇంకా అక్కడే ఉంది. ఒక పట్నమంత వెడల్పు కూడా లేదు. సెకనుకు ముప్పై సార్లు గిర్రున తిరుగుతోంది. దాన్ని 1968లో కనిపెట్టారు.

ఇక మిగిలింది గట్టి చిక్కు. పట్టీలో నలభై మరకలు దేనికీ లొంగలేదు. ఎంత పెద్ద దుర్భిణితో చూసినా వాటి గుట్టు విడలేదు. కొన్ని సుడి తిరిగినట్లు ఉంటాయి. వాటిలో పెద్దది 31వ నంబరు. కంటికి కూడా కనిపిస్తుంది. పర్షియా దేశంలో అల్ సూఫీ అనే పండితుడు 964లోనే దీన్ని చిన్న మబ్బు అని రాశాడు.

మన పాలపుంత సంగతి ఇక్కడ చెప్పుకోవాలి. అమావాస్య రాత్రి ఆకాశానికి అడ్డంగా పాలు ఒలికినట్లు కనిపించేదే పాలపుంత. అది కోటానుకోట్ల సూర్యుళ్ళ గుంపు. మన సూర్యుడు అందులో ఒకడు. ఇలాంటి గుంపును గెలాక్సీ అంటారు. నూరేళ్ళ కింద పండితులు రెండు పక్షాలయ్యారు. ఉన్నది పాలపుంత ఒక్కటే, సుడి మరకలు అందులోనే చిన్న మబ్బులు అన్నారు ఒక పక్షం. కాదు, అవి మన పాలపుంత లాంటివే వేరే గుంపులు అన్నారు రెండో పక్షం. 1920లో అమెరికాలో పెద్ద వాదం జరిగింది. ఎటూ తేలలేదు. తేలాలంటే ఒక్కటే కావాలి. 31వ మరక ఎంత దూరంలో ఉంది?

టేపు పెట్టి కొలిచే దూరం కాదది. అమెరికాలోనే హార్వర్డు పరిశోధనశాలలో హెన్రియెట్టా లీవిట్ అనే స్త్రీ పని చేసేది. చెవులు సరిగా వినపడవు. గంటకు 30 సెంట్ల కూలి. ఆకాశపు ఫోటోలు చూసి చుక్కల వెలుగు రాయడం ఆమె పని. కొన్ని చుక్కలు ఊపిరి తీసినట్లు వెలుగు పెరుగుతూ తగ్గుతూ ఉంటాయి. నెమ్మదిగా ఊపిరి తీసే చుక్కకు అసలు వెలుగు ఎక్కువ అని 1912లో ఆమె తేల్చింది. దీని ఉపయోగం ఏమిటి? ఒకే రకం లాంతర్లు రెండున్నాయి. ఒకటి వాకిట్లో, ఒకటి ఊరి బయట. మసకగా కనిపించేది దూరంగా ఉందని ఇట్టే తెలుస్తుంది. ఎంత మసకో కొలిస్తే ఎంత దూరమో లెక్క కట్టవచ్చు. అయితే రెండూ ఒకే రకం లాంతర్లని ముందు తెలియాలి. అది చెప్పింది లీవిట్. ఆమె 1921లో చనిపోయింది. ఆ కొలతతో జరిగిన పెద్ద పని ఆమె చూడలేదు.

కంచర గాడిదలు తోలినవాడు

కాలిఫోర్నియాలో విల్సన్ కొండ మీద అప్పటికి ప్రపంచంలో అన్నిటికంటే పెద్ద దుర్భిణి ఉండేది. దాని అద్దం వంద అంగుళాలు. అక్కడ మిల్టన్ హ్యూమసన్ అనే అతను పని చేసేవాడు. ఎనిమిదో తరగతితో బడి మానేశాడు. ఆ కొండ మీద కట్టడాలు జరుగుతున్నప్పుడు సామాను మోసే కంచర గాడిదలను తోలాడు. 1917లో అక్కడే ఊడ్చి తుడిచే పనికి కుదిరాడు. రాత్రిపూట దుర్భిణి దగ్గర సాయం చేస్తూ, ఫోటోలు తీయడం నేర్చుకున్నాడు. ఎంత బాగా నేర్చుకున్నాడంటే, పండితులకంటే అతను తీసిన ఫోటోలే స్పష్టంగా వచ్చేవి. డిగ్రీ లేకపోయినా అతన్ని ఉద్యోగంలోకి తీసుకున్నారు.

అతని గురించి ఒక కథ చెబుతారు. 31వ మరక ఫోటోలలో ఊపిరి తీసే చుక్కలు ఉన్నట్లు అతనికి అనిపించిందట. గాజు పలక మీద సిరాతో గుర్తులు పెట్టి, హార్లో షాప్లీ అనే పెద్ద పండితుడికి చూపించాడట. షాప్లీ మొదటి పక్షంవాడు. అలాంటివి అక్కడ ఉండే అవకాశమే లేదని వివరించి, జేబురుమాలు తీసి ఆ గుర్తులు తుడిచేశాడట. ఊడ్చే పని నుంచి వచ్చినవాడు పెద్ద పండితుడితో ఏం వాదిస్తాడు?

1923 అక్టోబరులో ఎడ్విన్ హబుల్ అదే కొండ మీద, అదే మరకను ఫోటో తీశాడు. అందులో కొత్తగా వెలిగిన చుక్క ఒకటి కనిపించింది. దాని పక్కన గుర్తు పెట్టుకున్నాడు. పాత ఫోటోలు తీసి పోల్చి చూశాడు. కొత్తది కాదు. పెరుగుతూ తగ్గుతూ ఉన్న చుక్క! రాసిన గుర్తు కొట్టేసి, 'మారే చుక్క' అని రాసి, పక్కన ఆశ్చర్యార్థకం పెట్టాడు. ఆ చుక్క 31 రోజులకు ఒకసారి ఊపిరి తీస్తోంది. లీవిట్ కొలత పెట్టి లెక్క కట్టాడు. వచ్చిన దూరం పాలపుంతలో ఎక్కడా పట్టదు. 1925 జనవరి 1న ఆ సంగతి పండితుల సభలో చదివి వినిపించారు. 31వ మరక వేరే గెలాక్సీ!

హబుల్ లెక్కలో దూరం తక్కువే వచ్చింది. ఇప్పుడు తేలిన దూరం 25 లక్షల కాంతి సంవత్సరాలు. వెలుగు ఒక సెకనులో 3 లక్షల కిలోమీటర్లు పోతుంది. సూర్యుడి నుంచి భూమికి ఎనిమిది నిమిషాల పైచిలుకులో చేరుతుంది. గంటకు 100 కిలోమీటర్లు పోయే రైలు ఎక్కడా ఆగకుండా పోతే అదే దూరానికి 170 ఏళ్ళు పడుతుంది. అంత వేగంగా పోయే వెలుగుకే అక్కడి నుంచి రావడానికి 25 లక్షల ఏళ్ళు పట్టింది.

తర్వాత హ్యూమసన్, హబుల్ కలిసి గెలాక్సీలు ఒకదానికొకటి దూరంగా పోతున్నాయని కొలిచి చూపించారు. కొలతలకు కావలసిన ఫోటోలు చాలావరకు హ్యూమసన్ తీసినవే. 1950లో స్వీడన్‌లోని ఒక విశ్వవిద్యాలయం అతనికి గౌరవ డాక్టరేటు ఇచ్చింది. 1961లో అతనికి కూడా ఫోటోలో ఒక తోకచుక్క దొరికింది. దానికి అతని పేరే పెట్టారు. తోకచుక్కకు కనిపెట్టినవాళ్ళ పేరు పెట్టడం ఆనవాయితీ. హైదరాబాదులో పెరిగి చదువుకున్న వైను బప్పు పేరు మీద కూడా ఒకటి ఉంది. పై చదువుకు అమెరికా పోయినప్పుడు, 1949లో, తోటివాళ్ళు ఇద్దరితో కలిసి కనిపెట్టాడు. ఆయన తండ్రి హైదరాబాదులోని నిజామియా పరిశోధనశాలలో పని చేసేవాడు.

మెస్యే 1781 మార్చిలో నమోదు చేసిన 87వ మరక కూడా గెలాక్సీయే. అయిదున్నర కోట్ల కాంతి సంవత్సరాల దూరం. దాని నడుమ వెలుగును కూడా మింగే నల్లటి బిలం ఉంది. 2019 ఏప్రిల్‌లో దాని చిత్రం విడుదల చేశారు. అలాంటి బిలానికి మనుషులు తీసిన మొదటి చిత్రం అదే. మెస్యే మాత్రం దాని గురించి చుక్క లేని మరక అని రాసి ఊరుకున్నాడు.

కంటితో చూడగలిగినవి

పట్టీలోని మూడింటిని దుర్భిణి లేకుండా పల్లెలో చూడవచ్చు. అమావాస్య ముందూ వెనకా రాత్రులు మంచివి. వీధి దీపాలకు దూరంగా, మేడ మీదకో పొలం గట్టుకో పోవాలి. కళ్ళు చీకటికి అలవాటు పడడానికి ఇరవై నిమిషాలు కావాలి. ఈలోపు బ్యాటరీ లైటు గానీ, సెల్ ఫోను గానీ వెలిగిస్తే మళ్ళీ మొదటికి వస్తుంది.

పిల్లలకోడి సులువు. ఎన్ని చుక్కలు కనిపిస్తున్నాయో లెక్కపెట్టాలి. చాలామందికి ఆరు. చూపు బాగున్నవాళ్ళకు ఏడు, ఎనిమిది.

రెండోది పురిటిల్లు, 42వ నంబరు. డిసెంబరు, జనవరి నెలల్లో రాత్రి తొమ్మిది, పది గంటల వేళ తూర్పు వైపు నుంచి పైకి వస్తూ వరసగా మూడు చుక్కలు కనిపిస్తాయి. ఒకే ఎడంతో, గీత గీసినట్లు ఉంటాయి. పంచాంగంలోని మృగశిర, ఆర్ద్ర నక్షత్రాలు వీటి దగ్గరే ఉంటాయి. ఆ మూడింటికి దక్షిణం వైపు చిన్న చుక్కల వరస ఒకటి వేలాడుతుంది. దాని నడిమి చుక్క మసకగా, ముగ్గుపిండి రాలినట్లు ఉంటుంది. అదే.

మూడోది 31వ నంబరు. ఇది కాస్త కష్టం. నవంబరు మధ్యలో రాత్రి తొమ్మిది గంటలకు చూడాలి. నడినెత్తికి కొంచెం పడమరగా నాలుగు చుక్కలు పెద్ద మంచం కోళ్ళలా ఉంటాయి. ఈశాన్యం మూల కోడు దగ్గర మొదలుపెట్టాలి. అక్కడి నుంచి ఈశాన్యం వైపే పోతే మొదట ఒక చుక్క, తర్వాత కాస్త పెద్ద చుక్క వస్తాయి. ఆ రెండో చుక్క దగ్గర ఉత్తరానికి తిరగాలి. రెండు చిన్న చుక్కలు దాటగానే మరక ఉంటుంది. సూటిగా చూస్తే మాయమవుతుంది. చూపు కాస్త పక్కకు పెడితే మళ్ళీ కనిపిస్తుంది. మసక వెలుగును కంటి నడిమి భాగం కంటే పక్క భాగం బాగా పట్టుకుంటుంది. అందువల్ల అలా జరుగుతుంది.

కనిపించేది అరచేతిలో బూడిద మచ్చంత. అందులో ఉన్నది దాదాపు లక్ష కోట్ల సూర్యుళ్ళు. ఆ వెలుగు అక్కడ బయలుదేరిననాటికి భూమి మీద మనలాంటి మనుషులు ఇంకా పుట్టలేదు. మొదటి రాత్రి కనిపించకపోతే రోజు, గంట, వెతికిన చోటు రాసుకుని మర్నాడు మళ్ళీ చూడాలి. అది తోకచుక్క కాదు. ఎక్కడికీ కదిలిపోదు.